శత్రువు చెయ్యెత్తగానే మీ వేలు ఏ బటన్ మీదికి పోతుంది?

స్టైలిష్ యాక్షన్ గేముల్లోకి కొత్తగా దిగేవాళ్లు అడిగేది దాదాపు ఒకటే: "డెవిల్ మే క్రై 5 కొనాలా, బయొనెటా కొనాలా, మెటల్ గేర్ రైజింగ్ కొనాలా?" దీనికి నేను ముందు ఎదురు ప్రశ్న వేస్తాను. మీరు ఇంతకుముందు ఆడిన ఏ యాక్షన్ గేమైనా సరే, గుర్తు తెచ్చుకోండి. ఎదుటివాడు కత్తి పైకెత్తాడు. మీ వేలు ఏం చేసింది? తప్పుకునే డాడ్జ్ నొక్కిందా? దెబ్బను అడ్డుకునే బ్లాక్ కోసం వెతికిందా? వాడి దెబ్బ పడేలోపు ఇంకొకటి తగిలించేద్దామని అటాక్ బటనే నొక్కుతూ పోయిందా?

ఎందుకు అడుగుతున్నానంటే, ఈ తరహా గేముల్లో కొట్టడం ఎవరికైనా వచ్చేస్తుంది. రెండు బటన్లు మార్చి మార్చి నొక్కినా తెర మీద ఏదో ఒక విన్యాసం జరుగుతూనే ఉంటుంది. అసలు తేడా దెబ్బ కాచుకునే చోట ఉంది. కాచుకోవడానికి గేమ్ మీకు ఏమిచ్చింది, కాచుకున్నాక మీ కాంబో (తెగకుండా సాగే దెబ్బల వరస) బతికుంటుందా, ఆ క్షణాన మీ మెషీన్ మీ వేలితో కలిసి వస్తుందా అన్నవి చూసుకుంటే ఎంపిక చాలావరకు తేలిపోతుంది. గ్రాఫిక్స్, కథ, హీరో కోటు రంగు ఆ తర్వాతి సంగతులు.

ఇంకో చిన్న విచిత్రం. 2001లో మొదటి డెవిల్ మే క్రైకి, 2009లో బయొనెటాకి దర్శకుడు ఒక్కరే, హిదేకి కమియా. ఒకే చేతి నుంచి వచ్చిన రెండు సిరీస్‌లు దెబ్బ కాచుకోవడం దగ్గరికొచ్చేసరికి చెరో దారి పట్టాయి. బయొనెటా తీసిన ప్లాటినం గేమ్స్ వాళ్లే 2013లో రైజింగ్ తీశారు, అది మూడో దారి. కాబట్టి "అదే కంపెనీది కదా, ఇదీ అలాగే ఉంటుంది" అని కొంటే దెబ్బ తినేది మీరే.

డెవిల్ మే క్రై 5: కాచుకోవడం మీ ఇష్టం, లెక్క మాత్రం కచ్చితం

2019 మార్చిలో వచ్చిన ఈ గేమ్‌లో తెర కుడి పక్కన ఒక అక్షరం కనబడుతూ ఉంటుంది. డి నుంచి మొదలై సి, బి, ఎ, ఎస్, ఎస్‌ఎస్, ఎస్‌ఎస్‌ఎస్ దాకా ఎక్కుతుంది. ఒకే దెబ్బ పదే పదే కొడితే అక్షరం కదలదు. చేతులు ముడుచుకుని నిలబడితే జారుతుంది. దెబ్బ తింటే ధబీమని పడుతుంది. రకరకాలుగా, ఆగకుండా, ఒళ్లు కాపాడుకుంటూ కొట్టమని దాని కోరిక. ఆ అక్షరంతో పాటే నేపథ్య సంగీతం కూడా మారుతుంది. ఎస్ దాకా చేరగానే పాట పల్లవి అందుకుంటుంది. మొదటిసారి అది జరిగినప్పుడు నేను కాంబో వదిలేసి పాట వింటూ నిలబడ్డాను, వెనక నుంచి ఒకడు వచ్చి చక్కగా బాదాడు.

ఈ గేమ్ కొంటున్నామంటే నిజానికి నాలుగు గేములు కొంటున్నట్టే. నీరో, వీ, డాంటే, వర్జిల్ (కొన్ని వెర్షన్లలో ఇతన్ని విడిగా కొనాలి, ఆ సంగతి చివర్లో) అనే నలుగురిలో ఏ ఇద్దరూ ఒకలా ఆడరు.

నీరోది వేళ్ల పని. కత్తికి బైక్ హ్యాండిల్ లాంటి పిడి ఉంటుంది. ప్రతి వేటు చివర, సరిగ్గా ఆ క్షణంలో ట్రిగ్గర్ నొక్కితే తర్వాతి వేటు నిప్పులు కక్కుతుంది. దీన్నే ఎక్సీడ్ అంటారు. ఇది రాకపోయినా గేమ్ పూర్తవుతుంది, వస్తే మాత్రం ఆట వేరు. ఇక వాడి కృత్రిమ చేయి, డెవిల్ బ్రేకర్. వాడుతుండగా దెబ్బ తగిలిందంటే విరిగి ముక్కలవుతుంది, ఉన్నవాటిలో తర్వాతిది దానంతటదే వస్తుంది. మీకు నచ్చింది అడగ్గానే రాదు, వరసలో ఏముంటే అది. కొందరికి ఇది చిరాకు. నాకు నచ్చిందేమిటంటే, ఏ చెయ్యి వచ్చినా దాంతో పని కానిచ్చుకోవడం ఈ గేమే నేర్పుతుంది. కొత్తవాళ్లు మొదలుపెట్టాల్సింది నీరోతోనే, గేమ్ కూడా అలాగే మొదలుపెడుతుంది.

వీ అనే ఆయన కత్తి పట్టడు. పక్షి, చిరుత, మహాకాయం అనే మూడు పెంపుడు దయ్యాలు కొడుతుంటే తాను దూరంగా నిలబడి, చావుకు దగ్గరైన శత్రువును ఊతకర్రతో ముగిస్తాడు. మధ్యలో తీరిగ్గా పుస్తకం తీసి చదివితే దయ్యాలకు శక్తి కూడా వస్తుంది. వినడానికి బాగుంటుంది. ఆడుతున్నప్పుడు మాత్రం దెబ్బలు ఒకచోట, ప్రాణం ఒకచోట ఉంటాయి. తెర మీద రెండింటినీ ఒకేసారి చూసుకోలేక తొలిసారి చాలామంది బటన్లు చితక్కొట్టి గట్టెక్కుతారు. వీ మిషన్లు ఎక్కువ లేవు కాబట్టి ఆయన నచ్చలేదని గేమ్ వదిలేయనక్కర్లేదు.

డాంటే సముద్రం. ట్రిక్‌స్టర్, స్వోర్డ్‌మాస్టర్, గన్‌స్లింగర్, రాయల్ గార్డ్ అనే నాలుగు స్టైళ్లను డీ-ప్యాడ్ (కంట్రోలర్ మీది నాలుగు దిక్కుల బటన్) మీద ఎప్పటికప్పుడు మార్చుకోవచ్చు. నాలుగేసి చేతి ఆయుధాలు, తుపాకులు, అవన్నీ కాంబో మధ్యలోనే తిప్పుకోవచ్చు. ఇక్కడే మన మొదటి ప్రశ్నకు డాంటే ఇచ్చే జవాబు తమాషాగా ఉంటుంది: డాడ్జ్ కావాలంటే ట్రిక్‌స్టర్, బ్లాక్ కావాలంటే రాయల్ గార్డ్, ఎగిరి తప్పించుకోవాలంటే శత్రువు తల మీదే కాలు పెట్టి ఎగురు. ఏదైనా దొరుకుతుంది, కానీ ఒక్కోసారి ఒక్కటే. దెబ్బ వస్తుండగా మీరు సరైన స్టైల్‌లో ఉండాలి. రాయల్ గార్డ్‌లో ఉండి సరిగ్గా దెబ్బ తగిలే క్షణాన బటన్ నొక్కితే చిన్న గీత కూడా పడదు, పైగా ఆ బలమంతా కూడబెట్టి ఒక్క దెబ్బలో తిరిగి ఇచ్చేయొచ్చు. ఒక్క క్షణం తేడా వస్తే మాత్రం అంతే సంగతులు.

చెప్పేవాళ్లు తక్కువైన విషయం ఒకటుంది. స్టైల్ మార్చే డీ-ప్యాడూ, నడిపించే స్టిక్కూ రెండూ ఎడమ బొటనవేలి కిందే ఉంటాయి. అంటే స్టైల్ మార్చిన ప్రతిసారీ ఓ రెప్పపాటు డాంటే నిలబడిపోతాడు. అలవాటైనవాళ్లు గాల్లో ఉన్నప్పుడో, పొడుగాటి వేటు నడుస్తున్నప్పుడో మారుస్తారు. బొటనవేలికి నొప్పి ఉన్నవాళ్లు, చిన్న చేతులవాళ్లు డాంటేను మనసుపడి కొంటుంటే ఈ సంగతి ముందే తెలుసుకోవడం మంచిది. నీరోకి, వర్జిల్‌కి ఈ బాధ లేదు.

వర్జిల్ గురించి క్లుప్తంగా: ఆయన ఏకాగ్రత అనే మీటర్ నింపుకుంటాడు. పరుగెడితే తగ్గుతుంది, గాల్లోకి ఉత్తుత్తి కత్తి విసిరితే తగ్గుతుంది, దెబ్బ తింటే తగ్గుతుంది. నెమ్మదిగా నడుస్తూ, తగిలే దెబ్బలే కొడితే నిండుతుంది. కంగారు పడేవాళ్లను శిక్షించి, నిదానస్తులను అందలం ఎక్కించే డిజైన్. డాంటేను చూసి భయపడినవాళ్లు చాలామంది వర్జిల్ దగ్గర స్థిరపడతారు.

బయొనెటా: తప్పించుకోవడమే కొట్టడం

బయొనెటాలో జవాబు ఒక్కటే, డాడ్జ్. దెబ్బ ఇక తగులుతుందనగా ఆఖరి క్షణంలో తప్పుకుంటే విచ్ టైమ్ మొదలవుతుంది, చుట్టూ లోకం మందగిస్తుంది, మీరు మాత్రం మామూలు వేగంతో కొడుతూ పోవచ్చు. ఇంకా ఆలస్యంగా, దాదాపు తగిలాక తప్పుకుంటే గబ్బిలాల గుంపుగా విడిపోయి బయటపడే నేర్పు కూడా కొనుక్కోవచ్చు. అంటే భయపడి ముందే దూకేవాడికి ఏమీ దక్కదు. దెబ్బకు ఎంత దగ్గరగా నిలబడితే అంత లాభం.

ఇంతవరకూ ఎవరైనా చెబుతారు. బయొనెటాను నిజంగా వేరే గేమ్‌గా మార్చేది డాడ్జ్ ఆఫ్‌సెట్. మూడు గుద్దులు కొట్టాక నాలుగోదానికి ముందు దెబ్బ వచ్చిందనుకోండి. మామూలు గేముల్లో తప్పుకుంటే కాంబో పోయినట్టే, మళ్లీ ఒకటి నుంచి మొదలు. ఇక్కడ ఆ గుద్దు బటన్‌ను వదలకుండా పట్టుకునే డాడ్జ్ చేసి, తర్వాత నాలుగో దెబ్బ నొక్కండి. కాంబో ఆగిన చోటి నుంచే సాగుతుంది. ప్రతి వరస చివరా జుట్టుతో చేసిన పెద్ద పిడికిలో, కాలో వచ్చి పడుతుంది కాబట్టి ఆ చివరి దెబ్బను దక్కించుకోవడమే పోరాటమంతా. గుద్దు, తన్ను, గుద్దు అనే చిన్న వరస ఒక్కటి ఆఫ్‌సెట్‌తో కలిపి చేతికి పట్టుబడితే చాలు, గేమ్‌లో సగం దారి సాఫీ.

ఈ ఆఫ్‌సెట్‌ను గేమ్ గట్టిగా నేర్పదు, అదే నా ఫిర్యాదు. లోడింగ్ తెర మీద దెబ్బల జాబితా చూపించి, సాధన చేసుకోమని వదిలేస్తుంది. లోడింగ్ అయిపోయాక కూడా సెలెక్ట్ బటన్ నొక్కితే అక్కడే ఉండిపోవచ్చు. ఆ ఖాళీ తెర మీద పది నిమిషాలు గడిపినవాడికీ, గడపనివాడికీ ఆటలో చాలా తేడా కనబడుతుంది.

డాడ్జ్ కంటే ప్యారీ (దెబ్బను ఎదురు తిప్పికొట్టడం) ఇష్టమైతే బయొనెటాలో దానికీ ఒక దారి ఉంది. మూన్ ఆఫ్ మహాకాల అనే ఆభరణం పెట్టుకుంటే, దెబ్బ వచ్చే వైపు స్టిక్ తోసి దాన్ని తిప్పికొట్టొచ్చు. పేరు చూసి మనవాళ్లకు ముచ్చటేస్తుంది. ఇదే గేమ్‌లో దుర్గ పేరుతో పంజాల ఆయుధం కూడా ఉంది. అన్నిటికంటే కఠినమైన నాన్-స్టాప్ ఇన్ఫినిట్ క్లైమాక్స్ స్థాయిలో మామూలు డాడ్జ్‌కు విచ్ టైమ్ రాదు. అప్పటిదాకా దాని మీదే ఆధారపడినవాళ్లకు కాళ్ల కింద నేల జారినట్టుంటుంది, ఆఫ్‌సెట్ నేర్చినవాళ్లు మాత్రం నిలబడతారు.

కొనేముందు చెప్పాల్సిన లోపాలూ ఉన్నాయి. సినిమా సన్నివేశం మధ్యలో ఉన్నట్టుండి ఒక బటన్ చూపించి, నొక్కకపోతే చంపేసి, ఆటతీరుకు ఇచ్చే మెడల్ కోసేసే అలవాటు మొదటి భాగానికి ఉంది. బైక్ మీద, క్షిపణి మీద సాగే రెండు మిషన్లు అవసరానికి మించి పొడుగు. ఇక దుస్తులు, భంగిమలు ఇంట్లో అందరూ కూర్చున్న గదిలో ఆడేలా ఉండవు.

రెండో భాగం 2014లో నింటెండో వాళ్ల వీ యూ కన్సోల్ మీద, 2018లో వాళ్లదే స్విచ్ మీద వచ్చింది. అందులో అంబ్రన్ క్లైమాక్స్ వల్ల మీటర్ నిండగానే ప్రతి దెబ్బా పెద్ద దెబ్బే. చూడ్డానికి పండగ. కానీ ఆఫ్‌సెట్ కష్టపడి నేర్చుకోవాల్సిన అవసరం కాస్త తగ్గిపోతుంది. 2022 అక్టోబరులో వచ్చిన మూడో భాగంలో మహా దయ్యాలను మీరే నడపాలి, ఆ సమయంలో బయొనెటా నాట్యం చేస్తూ నిలబడి ఉంటుంది, ఆమెకు దెబ్బ తగలొచ్చు. అందులోని వయోలా అనే అమ్మాయికి విచ్ టైమ్ డాడ్జ్‌తో రాదు, కత్తితో బ్లాక్ చేస్తేనే వస్తుంది. రెండు భాగాల నుంచి చేతికి అంటుకున్న అలవాటుతో ఆమెను ఆడితే మొదటి గంట నరకం.

రైజింగ్: వెనకడుగు లేదు

మెటల్ గేర్ రైజింగ్: రివెంజెన్స్ ఆడుతూ దెబ్బ తప్పించుకోవాలని వెనక్కి జరిగితే దెబ్బ తప్పదు. శత్రువు వైపే స్టిక్ తోసి, లైట్ అటాక్ నొక్కాలి. అదే ప్యారీ. ఎర్రటి మెరుపు కనిపిస్తే ప్యారీ చేయొచ్చు, పసుపు మెరుపైతే దాన్ని ఆపలేం, తప్పుకోవాలి. సరిగ్గా ఆఖరి క్షణంలో చేస్తే ఎదురుదెబ్బ కూడా పడుతుంది. తర్వాత బ్లేడ్ మోడ్‌లో కాలాన్ని సాగదీసి, మెరుస్తున్న చోట అడ్డంగా నరికి లోపలి శక్తిని లాగేసుకుంటే ప్రాణం పూర్తిగా నిండుతుంది. అందుకే ఇందులో ధైర్యమే వైద్యం.

చిక్కంతా ప్యారీ గురించి గేమ్ సరిగ్గా చెప్పకపోవడం. తొలి మిషన్ ఎలాగోలా గడిచిపోతుంది, తర్వాత తోడేలు లాంటి రోబో ఎదురై మీకు ప్యారీ రాదన్న సంగతి బట్టబయలు చేస్తుంది. అక్కడ వదిలేసినవాళ్లు చాలామంది. ఇంకో రెండు ప్రయత్నాలు చేసుంటే దొరికేది. కథ ఏడెనిమిది గంటల్లో ముగుస్తుంది, ఆయుధాల వైవిధ్యం డెవిల్ మే క్రైకి సాటి రాదు, ఇరుకు గదుల్లో కెమెరా గోడలకు అతుక్కుంటుంది. అయినా బాస్ పోరాటం చివరి ఘట్టంలో పాట గొంతెత్తే క్షణం కోసం ఈ లోపాలన్నీ క్షమించేశాను.

హై-ఫై రష్: తాళం తప్పనివాళ్లకు

2023 జనవరిలో ముందస్తు ప్రకటన లేకుండా వచ్చిపడ్డ హై-ఫై రష్‌లో చెట్లూ, మెట్లూ, శత్రువులూ అన్నీ తాళానికే కదులుతాయి. మీ దెబ్బ కూడా మీరు ఎప్పుడు నొక్కినా తాళం మీదే పడుతుంది. మీరూ తాళానికే నొక్కితే అదనపు బలం, అదనపు మార్కులు. అందుకే ఇది ఈ వరసలో అందరికంటే దయగల గేమ్. తాళం పట్టలేకపోయినా ఓడిపోరు, పడితే బాగా మెరుస్తారు. శత్రువు దెబ్బలు కూడా తాళంలోనే వస్తాయి కనుక ప్యారీ కళ్లతో కాక చెవులతో చేస్తారు. మృదంగం కొట్టే అలవాటున్న ఒక మిత్రుడికి కంట్రోలర్ ఇచ్చాను. యాక్షన్ గేములంటే ఏమిటో తెలియని మనిషి, ప్యారీలు నాకంటే శుభ్రంగా చేశాడు.

నీర్: ఆటోమటాను కూడా ఈ వరసలో కలిపి అడుగుతుంటారు. 2017 నాటి ఆ గేమ్‌లో డాడ్జ్ చాలా ఉదారం. కథ కోసం తీసుకోండి. పోరాటంలో లోతు కోసమైతే పై నాలుగింటిలో ఏదైనా మేలు.

ఇక మెషీన్ సంగతి

ఇక్కడ చాలా గైడ్లు "60 ఎఫ్‌పీఎస్ ఉంటే బాగుంటుంది" అని ఒక్క ముక్కలో తేల్చేస్తాయి. ఎందుకు బాగుంటుందో లెక్క చూద్దాం. 60 ఎఫ్‌పీఎస్ అంటే సెకనుకు 60 ఫ్రేములు (తెర మీద మారే బొమ్మలు), ఒక్కో ఫ్రేమ్‌కు 16.7 మిల్లీసెకన్లు, 30 అంటే 33.3, 120 అంటే 8.3. ఉదాహరణకు ప్యారీ చేయడానికి గేమ్ మీకు 150 మిల్లీసెకన్ల వ్యవధి ఇచ్చిందనుకోండి. 60లో అది తొమ్మిది ఫ్రేములు, 30లో నాలుగున్నర. వ్యవధి అదే అయినా శత్రువు భుజం కదిలిన సంగతి మీ కంటికి చేరేదీ, మీ బటన్ గేమ్‌కు చేరేదీ రెండూ ఆలస్యమవుతాయి. ఆ రెండు ఆలస్యాలూ ఆ 150లోంచే తీసుకుంటాయి.

అన్నిటికంటే చెడ్డది తక్కువ ఫ్రేమ్ రేట్ కాదు, నిలకడ లేనిది. ఎప్పుడూ 30 ఉంటే వేలు దానికి అలవాటు పడుతుంది. శత్రువులు ముగ్గురున్నప్పుడు 60 ఉండి, ఏడుగురై తెర నిండా నిప్పురవ్వలు ఎగరగానే 42కి పడిపోతే వేలు దేనికి అలవాటు పడాలి? పైగా అది పడిపోయేది సరిగ్గా మీకు టైమింగ్ కావాల్సిన ఘడియలోనే. అందుకే పీసీ మీద ఆడేవాళ్లకు నా సలహా: 90కీ 60కీ మధ్య ఊగే కంటే 60 దగ్గర కట్టేసుకోండి. ముందుగా తగ్గించాల్సినవి నీడలు, పొగ, కాంతి కిరణాల వంటివి. ఆ తర్వాత రిజల్యూషన్. పాత్రల రూపం జోలికి ఆఖరున వెళ్లండి, ఎందుకంటే శత్రువు చేతి కదలిక స్పష్టంగా కనబడటం ఆటకు అవసరం.

ఈ దెబ్బ అన్ని గేములకూ ఒకేలా తగలదు, ఎంపికలో ఇది పనికొచ్చే సంగతి. డెవిల్ మే క్రై 5లో నీరోతో ఆడుతుంటే ఫ్రేములు కాస్త తగ్గినా గట్టెక్కుతారు, ఎందుకంటే దూరంగా ఎగిరిపోయి మళ్లీ రావచ్చు. ఎక్సీడ్, రాయల్ గార్డ్ మీద ఆడేవాళ్లకు మాత్రం వెంటనే తెలిసిపోతుంది. బయొనెటాలో ఆఖరి క్షణం డాడ్జే ప్రాణం కనుక ప్రతి తడబాటూ ఖరీదే. రైజింగ్‌లో ప్యారీ బటన్ ఒకటికి రెండుసార్లు నొక్కినా చెల్లుతుంది కాబట్టి కొంత మన్నింపు ఉంది.

హై-ఫై రష్ కథే వేరు. దానికి ఫ్రేముల కంటే శబ్దం ముఖ్యం. నిమిషానికి 120 తాళాలున్న పాటలో తాళానికీ తాళానికీ మధ్య అర సెకను, అంటే 500 మిల్లీసెకన్లు. బ్లూటూత్ ఇయర్‌ఫోన్లు తేలిగ్గా 100 నుంచి 200 మిల్లీసెకన్ల ఆలస్యం తెస్తాయి. మీరు విన్న తాళానికి నొక్కుతారు, గేమ్ లెక్కలో అది ఎప్పుడో దాటిపోయి ఉంటుంది. నేను రెండు సాయంత్రాలు నాకే తాళజ్ఞానం లేదనుకుని కుమిలిపోయాక, వైరున్న హెడ్‌ఫోన్లు పెట్టుకునేసరికి మార్కులు గెంతాయి. సెట్టింగుల్లో ఆడియో, వీడియో ఆలస్యాన్ని సరిచేసుకునే చోటు ఉంది, ఆట మొదలుపెట్టక ముందే అక్కడికి వెళ్లండి.

టీవీ మీద ఆడేవాళ్లు గేమ్ మోడ్ ఆన్ చేశారో లేదో చూసుకోండి. సినిమాలకు బొమ్మను మెరుగుపరిచే హంగులన్నీ బొమ్మను కాసేపు తమ దగ్గర పెట్టుకుని పంపుతాయి. కొత్త కన్సోల్ కొనడానికి ముందు ఈ ఒక్క స్విచ్ నొక్కి చూడటం ఉత్తమం.

ఏ వెర్షన్?

డెవిల్ మే క్రై 5 రెండు రూపాల్లో ఉంది. మామూలుది పీఎస్4, ఎక్స్‌బాక్స్ వన్, పీసీ మీద. 2020 నవంబరులో పీఎస్5కీ, ఎక్స్‌బాక్స్ సిరీస్ మెషీన్లకీ స్పెషల్ ఎడిషన్ వచ్చింది. అందులో వర్జిల్ ముందే ఉంటాడు, ఆటను 1.2 రెట్లు వేగంగా నడిపే టర్బో మోడ్ ఉంటుంది, కుప్పలు తెప్పలుగా శత్రువులను వదిలే లెజెండరీ డార్క్ నైట్ మోడ్ ఉంటుంది. 120 హెర్ట్జ్ తెర ఉంటే ఎక్కువ ఫ్రేముల మోడూ ఉంది. అదే ఏడాది డిసెంబరులో పాత మెషీన్లకూ, పీసీకీ వర్జిల్‌ను విడిగా అమ్మారు గానీ, ఈ మిగతా హంగులు ఇవ్వలేదు. పీసీ వాళ్లు ఏడాదికోసారి ఈ సంగతి తలుచుకుని నిట్టూరుస్తుంటారు.

స్పెషల్ ఎడిషన్‌లో రే ట్రేసింగ్ (వెలుగును, ప్రతిబింబాలను నిజంలా చూపే పద్ధతి) కూడా ఉంది. పీఎస్5లో దాన్ని ఆన్ చేస్తే 4కే బొమ్మతో 30 ఎఫ్‌పీఎస్ లక్ష్యమో, 1080పీతో 60 లక్ష్యమో ఎంచుకోమంటుంది. తడి రోడ్డు మీద ప్రతిబింబాలు అందంగా ఉంటాయి, కాదనను. ఓ పది నిమిషాలు చూసి, ఫోటో తీసుకుని, ఆపేయండి. ఈ గేమ్‌లో నేల వైపు చూసే తీరిక ఎవరికుంది?

పీసీ మీద సిఫార్సు స్థాయిగా జీటీఎక్స్ 1060 తరం గ్రాఫిక్స్ కార్డును అడిగిన గేమ్ ఇది, కాబట్టి మధ్యస్థంగా ఉన్న పాత మెషీన్‌కూ అందుబాటులో ఉంటుంది. ఇంకా పాతదైతే 2017లో పీసీకి వచ్చిన బయొనెటా మంచి బేరం. 2009 నాటి గేమ్ కనుక తక్కువ శక్తి ఉన్న కార్డు మీదా 60కి చేరుతుంది, అంతకు మించి పోదు. 2014లో పీసీకి వచ్చిన రైజింగ్ కూడా 60 దగ్గరే ఆగుతుంది.

బయొనెటా మొదటి భాగాన్ని పీఎస్3లో మాత్రం తీసుకోకండి. ఆ మెషీన్ కోసం మార్చిన ఆ పోర్ట్ ఫ్రేములు పడిపోవడానికీ, లోడింగ్ సాగదీయడానికీ పేరుమోసింది, ఎక్స్‌బాక్స్ 360 వెర్షన్ పక్కన పెట్టి పోల్చి చూస్తే వేరే గేమ్ అనిపిస్తుంది. పీఎస్4, ఎక్స్‌బాక్స్ వన్‌లకు 2020లో రీమాస్టర్ వచ్చింది, స్విచ్‌లో రెండో భాగంతో కలిపి ఆడొచ్చు. మూడో భాగం స్విచ్ మీద 60కి ప్రయత్నిస్తుంది గానీ పెద్ద దయ్యాలు దిగినప్పుడు తడబడుతుంది. పైన చెప్పిన నిలకడ లెక్క గుర్తుంటే, సిరీస్‌ను అక్కడ మొదలుపెట్టొద్దని ఎందుకంటానో అర్థమవుతుంది.

స్విచ్ ఒక్కటే ఉండి డెవిల్ మే క్రై కావాలంటే మూడో భాగం చూడండి. 2020లో ఆ వెర్షన్‌కు మాత్రమే పోరాటం మధ్యలో స్టైల్ మార్చుకునే వీలు కల్పించారు. 2005 నాటి అసలు గేమ్‌లో ఒక స్టైల్ ఎంచుకుంటే మిషన్ మొదట్లోనో, విగ్రహం దగ్గరో తప్ప మార్చుకోలేం.

మరి మీ వేలి సంగతి?

ఇప్పుడు మొదటి ప్రశ్నకు వద్దాం. మీ వేలు డాడ్జ్ మీదికి పోతే బయొనెటా మొదటి భాగం, సందేహం అక్కర్లేదు. ముందుకే దూకే రకమైతే రైజింగ్. చిన్న గేమ్ కాబట్టి నచ్చకపోయినా నష్టం తక్కువ, నచ్చితే కష్టమైన స్థాయిలో మళ్లీ ఆడతారు. పాట వినగానే కాలు ఊపే మనిషికి హై-ఫై రష్, చేతి కంట్రోలర్ కొత్త అయినా ఫరవాలేదు.

వేలు ఎక్కడికీ పోలేదు, అటాక్ బటన్ మీదే ఉండిపోయిందంటే డెవిల్ మే క్రై 5, నీరోతో. ఆ తొందరను గేమ్ తప్పు పట్టదు, మెల్లగా దాన్నే ఎక్సీడ్ వైపు మళ్లిస్తుంది. రోజుకు అరగంట మించి తీరిక లేనివాళ్లు డాంటేను వెంటనే నేర్చుకోవాలని పట్టుపట్టొద్దు. రెండు స్టైళ్లు, రెండు ఆయుధాలు ఎంచుకుని మిగతావి ఉన్నట్టే మరచిపోండి. ఆటలో నేర్పులు కొనుక్కునే ఎర్ర గోళాలను నిజమైన డబ్బుకు కూడా అమ్ముతారు, ఒక్క పైసా పెట్టకండి, ఆడుతుంటే అవే వస్తాయి.

ఏది కొన్నా మొదటి రోజు కథ జోలికి పోకుండా సాధన గదిలోకి వెళ్లండి. డెవిల్ మే క్రై 5లో దాని పేరు ది వాయిడ్, బయొనెటాలో ఆ లోడింగ్ తెర. అక్కడ శత్రువు లేకపోయినా సరే, తెర మీద కదలిక మీ నొక్కుతో పాటే వస్తోందా, ఒక అడుగు వెనక వస్తోందా గమనించండి. వెనక వస్తోందంటే టీవీ సెట్టింగులు తెరవండి. వెంటనే వస్తోందంటే మొదటి మిషన్‌కు పోయి, మొదటి దెబ్బ తినండి.